ఆ మైకు ఎవరిది?

పోయినవారం గోడను స్టేడియం మెట్ల మీద వదిలేసి వచ్చాం. కోటు జేబులో నాలుగు మడతల కాగితం, కాగితంలో నాలుగే నాలుగు వాక్యాలు. ఫైనల్ ఆట మొదలవడానికి ముందు కెమెరా ఎదుట ఆ నాలుగూ చదివి, అందరికీ ఒక దండం పెట్టి, లేచి వెళ్ళిపోవాలి. ఆమె టీవీ ఉద్యోగం అక్కడితో సరి. పట్టుమని ఏడాది కూడా నిండలేదు.

ఈవారమే మనతో కలిసినవాళ్ళకి గోడ ఎవరో చెప్పాలి కదా. దేశం జట్టుకి గోల్‌కీపర్. ఎదుటివాళ్ళు బంతిని ఎటు తన్నినా అడ్డంగా నిలబడేది కాబట్టి జనమే ఆ పేరు పెట్టారు. భుజం పాడై ఆట మానేసి ఇంట్లో కూర్చున్నప్పుడు, ఆమెని టీవీకి లాక్కొచ్చినవాడు కంచుకంఠం. ఆయన పేరు కూడా జనం పెట్టిందే. పాతికేళ్ళుగా ఫుట్‌బాల్ వ్యాఖ్యానం చెబుతున్నాడు. ఆయన గొంతెత్తి అరిస్తేనే అది గోల్ అని నమ్మే ఇళ్ళు ఉన్నాయి. ఆయన పక్కన కూర్చుని గోడ చూసింది చూసినట్టు చెప్పింది, బాగాలేనిది బాగాలేదంది. జనానికి తెగ నచ్చేసింది.

ఆ తర్వాత సెమీఫైనల్ వచ్చింది. జట్టు కెప్టెన్ గోడకి ప్రాణస్నేహితురాలు. ఎడమ మోకాలు దెబ్బతిన్న సంగతి కోచ్‌కి కూడా చెప్పకుండా, సూది పొడిపించుకుని ఆటకి దిగింది. విరామానికి కాస్త ముందు, దేశమంతా చూస్తున్న ప్రసారంలో గోడ గొంతు గుసగుసగా వినపడింది. "ఎడమ మోకాలు పోయింది. సూదిమందు మీద నిలబడింది. ఒక్క గట్టి దెబ్బ చాలు, పడిపోతుంది." ఎదుటి జట్టు గదిలో మాత్రం టీవీ ఉండదా? విరామం తర్వాత వాళ్ళు ఆ మోకాలినే వెతుక్కుంటూ వచ్చారు. కెప్టెన్‌ని స్ట్రెచర్ మీద మోసుకెళ్ళారు. ఆమె మళ్ళీ ఆడుతుందో లేదో డాక్టర్లు చెప్పడం లేదు.

ఆ రోజు నుంచీ కెప్టెన్ ఫోన్ ఎత్తలేదు. ఒకే ఒక్క మెసేజ్ పెట్టింది. "నిన్ను నమ్మి చెప్పాను." పత్రికలవాళ్ళు ఊరుకుంటారా? "గోడకు చెవులుంటాయని తెలుసు, నోరు కూడా ఉందని ఇప్పుడే తెలిసింది" అని బొమ్మలేసి మరీ నవ్వారు.

ఇదీ జరిగిన కథ. ఇక మెట్లెక్కుదాం పదండి.

వ్యాఖ్యాతల గది స్టేడియం పైకప్పు కింద, పిచ్చుకగూడంత ఉంటుంది. ముందువైపు అద్దం లేదు, మైదానం మీది గాలి నేరుగా మొహానికి కొడుతుంది. పొడవాటి బల్ల, రెండు తెరలు, రెండు కుర్చీలు. ఎడమ కుర్చీలో నలిగి నలిగి పల్చబడ్డ దిండు ఉంది, అది కంచుకంఠానిది. కుడి కుర్చీ నిన్నటిదాకా గోడది. ఒక్కో కుర్చీ ముందు ఒక్కో ఇనప డబ్బా, దానికి మైకు తగిలించిన హెడ్‌ఫోన్లు, డబ్బా మీద ఎర్రటి బటన్. ఈ బటన్‌ని అక్కడివాళ్ళు దగ్గు బటన్ అంటారు. వ్యాఖ్యాతకి దగ్గో తుమ్మో వచ్చినప్పుడు దాన్ని నొక్కి ఉంచితే మైకు మూగబోతుంది, వదిలేస్తే మళ్ళీ తెరుచుకుంటుంది. ఎవరి బటన్ వాళ్ళ మైకుకే పనిచేస్తుంది.

గోడ తన కుర్చీలో కూర్చుని కాగితం విప్పింది. మొదటి వాక్యం, ఆ మాట నాదే అని. రెండోది, దగ్గు బటన్ నొక్కడం మరిచిపోయాను అని. మూడూ నాలుగూ క్షమాపణలు. రాసింది చెల్లెలు. అదే ఛానల్లో పనిచేస్తుంది. స్టేడియం వెనక నిలబెట్టిన ప్రసారం వ్యానులో కూర్చుని, తెర మీద ఏది ఎప్పుడు రావాలో చెబుతూ, వ్యాఖ్యాతల చెవుల్లో మాట్లాడే పని ఆమెది. ఇప్పుడు ఫలానా దృశ్యం వస్తుంది, ఇప్పుడు ప్రకటనలు, ఇప్పుడు మీరు మాట్లాడండి, ఇలాగన్నమాట. ఆ ఉద్యోగం ఇప్పించమని కంచుకంఠాన్ని బతిమాలింది గోడే. అమ్మ పోయిన దగ్గర్నుంచి చెల్లెలికి జడ వేసింది, జ్వరమొస్తే రాత్రుళ్ళు కూర్చుంది, బడిలో గొడవైతే వెళ్ళి తిట్లు తింది కూడా ఆమే.

పొద్దున చెల్లెలే కోటు ఇస్త్రీ చేసి తొడిగింది. గుండీలు పెడుతూ, "ఆ రోజు రికార్డయిన ముక్క మాత్రం వినకక్కా. వింటే ఏడుస్తావ్, ఏడిస్తే చదవలేవు. నేను చెవిలో ఉంటాగా, భయపడకు" అంది.

గోడ ఇన్ని రోజులూ ఆ మాట పాటించింది. ఊరంతా ఫోన్లలో తిప్పి తిప్పి విన్న ఆ ముక్కని ఆమె ఒక్కసారి కూడా వినలేదు. తన పాపాన్ని తన చెవులతో వినే ధైర్యం లేకపోయింది. కానీ ఇప్పుడు కాగితం మీద రెండో వాక్యం దగ్గర కళ్ళు ఆగిపోతున్నాయి. మరిచిపోయానని దేశమంతటికీ చెప్పబోతోంది. మరిచిపోయినట్టు ఆమె వేలికి గుర్తులేదు.

ఎందుకంటే వాళ్ళిద్దరికీ ఒక పద్ధతి ఉంది. మొదటిరోజే కంచుకంఠం నేర్పాడు. పక్కవాడి చెవిలో ఏదైనా చెప్పాలంటే ముందు వాడి చేతి మీద రెండుసార్లు తట్టాలి. వాడు తన బటన్ నొక్కి తలూపుతాడు. అప్పుడు నువ్వు నీ బటన్ నొక్కి నోరు విప్పాలి. "రెండు తాళాల పెట్టె అమ్మాయీ ఇది. ఒక తాళం వేసి పెట్టె మూశాననుకుంటే కొంప మునుగుతుంది" అనేవాడు. ఆ రోజు కెప్టెన్ కుంటుతుంటే కంచుకంఠం తన మోకాలి మీద చరుచుకుని, కనుబొమలెత్తి, ఏంటి సంగతి అన్నట్టు చూశాడు. గోడ తట్టింది. ఆయన తలూపాడు. ఆమె తన బటన్ నొక్కి, ఆయన చెవి దాకా వంగి చెప్పింది. చెప్పకుండా ఉండాల్సింది, ఒప్పుకుంటుంది. కానీ గురువుగారి చెవికీ దేశం చెవికీ తేడా లేదా?

ఫోన్ తీసి, చెవులకి తగిలించుకుని, కళ్ళు మూసుకుని ఆ ముక్క వింది.

ముందు జనం హోరు. తర్వాత టిక్ మని చిన్న చప్పుడు. ఆ తర్వాత ఎక్కడో పక్కనుంచి, తలుపు అవతలి నుంచి వచ్చినట్టు, ఆమె గొంతు. మళ్ళీ టిక్.

మళ్ళీ వింది. మళ్ళీ వింది. తన మైకులో తన గొంతు ఎలా ఉంటుందో ఆమెకి తెలుసు. పెదవుల దగ్గరే ఉంటుంది కాబట్టి నిండుగా ఉంటుంది. ఇక్కడ తన గొంతు పల్చగా, దూరంగా ఉంది. దగ్గరగా ఉన్నది ఆ టిక్కు ఒక్కటే. ఆ టిక్కు ఎవరిదో ఈ దేశంలో ఇంకెవరికీ తెలియకపోవచ్చుగానీ, ఇంతకాలం పక్కన కూర్చుని చెవులు దిబ్బడ వేసేలా విన్న గోడకి తెలియదా? కంచుకంఠం నోట్లో ఎప్పుడూ దగ్గు బిళ్ళ ఉంటుంది. ఆయన దాన్ని చప్పరించడు, పళ్ళ మీద టిక్కుటిక్కుమంటూ ఆ బుగ్గ నుంచి ఈ బుగ్గకి దొర్లిస్తాడు.

అంటే ఆ మాట వెళ్ళింది ఆమె మైకులోంచి కాదు. ఆయన మైకులోంచి.

గొంతు ఆమెది కాబట్టి తప్పూ ఆమెదేనన్నారు అందరూ. మైకు ఎవరిదని అడిగినవాడు ఒక్కడూ లేడు. ఆమె కూడా అడగలేదు.

సరిగ్గా అప్పుడే తలుపు తెరుచుకుంది.

"వచ్చేశావా అమ్మాయీ! ఇంత తొందరగా వస్తావనుకోలేదు" అంటూ కంచుకంఠం లోపలికొచ్చాడు. వేడినీళ్ళ ఫ్లాస్కు, బిళ్ళల డబ్బా బల్ల మీద పెట్టి, దిండు సర్దుకుని కూర్చున్నాడు. "కాగితం బాగా వచ్చిందా? తల దించుకుని చదవకు. తల దించితే గొంతు లోపలే ఉండిపోతుంది."

ఈ స్థితిలో కూడా పాఠమే చెబుతున్నాడు చూశారా. గోడకి ఒక్క క్షణం నవ్వొచ్చింది, ఆ వెంటనే ఏడుపొచ్చింది. రెండూ మింగేసింది.

"గురువుగారూ, ఒక బిళ్ళ వేసుకోండి."

"నేనా? ఇప్పుడే కదా వేసుకున్నాను" అని నోరు తెరిచి చూపించాడు.

"అయితే సరే. ఇది వినండి" అని తన ఫోన్ హెడ్‌ఫోన్లు తీసి ఆయన చెవులకి పెట్టింది.

ఆయన విన్నాడు. మొదట మొహంలో జాలి ఉంది, పెద్దవాళ్ళు పిల్లల దెబ్బని చూసేటప్పటి జాలి. తర్వాత నోట్లో దొర్లుతున్న బిళ్ళ ఆగిపోయింది. దాన్ని నాలుక కింద దాచుకున్నాడు.

"ఏం వినపడింది?"

"నీ గొంతే కదమ్మా."

"నా గొంతుకంటే ముందు?"

ఆయన హెడ్‌ఫోన్లు తీసి బల్ల మీద పెట్టాడు. ఫ్లాస్కు మూత విప్పాడు, మళ్ళీ బిగించాడు.

"వేలు జారింది అమ్మాయీ. పెద్దవాణ్ణయ్యాను. నొక్కాననే అనుకున్నాను."

గోడ ఆ మాట నమ్మడానికి సిద్ధంగానే ఉంది. నమ్మితే ఎంత బాగుండును! వేలు జారడం తప్పు కాదు. ఆమె చేతుల్లోంచి మాత్రం ఎన్ని బంతులు జారలేదు?

"జారితే జారింది. ఆ సాయంత్రమే ఎందుకు చెప్పలేదు? మా ఇంటికొచ్చారు. నా పక్కన కూర్చున్నారు. ఇలాంటివి అందరికీ జరుగుతాయమ్మా అని నా తల నిమిరారు. ఆ చెయ్యేగా గురువుగారూ, బటన్ మీద లేని చెయ్యి?"

"నువ్వు చిన్నదానివి. నాలుగు నెలలు పోతే జనం మర్చిపోతారు. నా వయసులో ఈ మచ్చ పడితే..."

"కెప్టెన్ కాలు మర్చిపోతుందా?"

కంచుకంఠం మైదానం వైపు తల తిప్పుకున్నాడు. కింద పనివాళ్ళు గోల్ స్తంభాలకి వల కడుతున్నారు.

"నా కళ్ళలోకి చూసి చెప్పండి. జారిందా, జారనిచ్చారా?"

అంతే, ఆయనకి రోషం ముంచుకొచ్చింది. తప్పు చేసినవాడికి వచ్చే రోషం మామూలు రోషంకంటే ఒకపాలు ఎక్కువే ఉంటుంది.

"నీకేం తెలుసు నా బాధ? ఎన్నేళ్ళు ఈ గూట్లో కూర్చుని గొంతు చించుకున్నాను! నువ్వొచ్చావు, నాలుగు మాటలు చెప్పావు, వీధిలో జనం నన్నాపి నీ గురించి అడగడం మొదలెట్టారు. వచ్చే సీజన్‌కి ఈ ఎడమ కుర్చీ నీకిస్తారట, తెలుసా? నన్ను స్టూడియోలో పక్కన కూర్చోబెట్టి తలూపమంటారట. పక్క కుర్చీ ఇచ్చినవాడికి చివరికి నిలబడే చోటు లేకుండా పోయింది!"

"నేనడిగానా మీ కుర్చీ?"

"అడగలేదు. అడక్కుండానే ఇస్తున్నారు. అదే నా కడుపుమంట" అన్నాడు. అనేశాక ఆయన గొంతే ఆయనకి అసహ్యం వేసినట్టుంది. కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు.

గోడకి కోపం రావాలి. రాలేదు. ఆమెకి నాన్న గుర్తులేడు. ఎవరైనా నాన్న ఎలా ఉంటాడని అడిగితే ఈ మనిషిని చూపించేది. కంచే చేను మేసిందంటే వినడమే కానీ, మేస్తుంటే చూడటం ఇదే మొదటిసారి.

"పైవాళ్ళకి నిజం చెప్పండి. నాకోసం వద్దు. నేను కావాలని బయటపెట్టలేదని కెప్టెన్‌కి తెలిస్తే చాలు" అంది.

"చెబుతాను. నాలుగు రోజులు టైమివ్వు." అని, కళ్ళజోడు పెట్టుకుని, గొంతు తగ్గించాడు. "కానీ ఒక్కటి విను. తప్పు నాదే, కాదనను. ఆ ప్రశ్న మాత్రం నాది కాదు."

"ఏ ప్రశ్న?"

"మోకాలి సంగతి. ఆ పిల్ల కుంటుతోందని నేనూ చూశాను. బూటు కరుస్తోందేమో అనుకున్నాను. అసలు సంగతి నీకు తెలుసని నాకెలా తెలుస్తుంది? నువ్వు నాతో ఎప్పుడైనా అన్నావా?"

అనలేదు. ఎవరితోనూ అనలేదు.

"చెవిలో పడింది" అన్నాడు కంచుకంఠం. "కెప్టెన్ ఎందుకు కుంటుతోందో గోడని అడగండి, తనకి తెలుసు అని. మీ మైకు మాత్రం తెరిచే ఉంచండి, వచ్చే సీజన్ కుర్చీ సంగతి నేను చూసుకుంటాను అని. నా చెవికి మాత్రమే వచ్చింది. నీకు వినపడకుండా, నా ఒక్కడికే పంపింది."

పంపింది. ఎవరో చెప్పనక్కర్లేదు. ఆ రోజు వాళ్ళిద్దరి చెవుల్లో ఉన్నది ఒకే ఒక్క గొంతు, చెల్లెలిది.

గోడకి తమ ఇంటి వంటగది గుర్తొచ్చింది. కెప్టెన్ ఒక కుర్చీలో కూర్చుని ఇంకో కుర్చీ మీద కాలు చాపింది. మోకాలు ఉబ్బి నున్నగా మెరుస్తోంది. గోడ ఐసు ముక్కలు దంచుతోంది. వాటిని తువ్వాల్లో మూటకట్టి మోకాలి మీద అద్దుతోంది చెల్లెలు. "ఈ సంగతి మూడో మనిషికి తెలియకూడదక్కా" అని చెల్లెలే అంది. కెప్టెన్ నొప్పిలో కూడా పకపకా నవ్వి, "ఇక్కడ మూడో మనిషివి నువ్వేనే పిల్లా" అంది. ముగ్గురూ నవ్వుకున్నారు.

"అబద్ధం" అంది గోడ. "మీ తప్పు దాని నెత్తిన రుద్దకండి. దానికేం అవసరం?"

"నాకు తెలియదమ్మా. మాట వరసకి కూడా అడగలేదు. అడిగే మొహం నాకుందా?"

ఇంతలో బల్ల మీది డబ్బాలో పచ్చదీపం వెలిగింది. ప్రసారం మొదలవబోతోందని గుర్తు. కంచుకంఠం అలవాటు కొద్దీ హెడ్‌ఫోన్లు తగిలించుకున్నాడు. గోడ కూడా తగిలించుకుంది. పరుగెత్తి పోవాల్సిన కాళ్ళు అక్కడే ఉండిపోయాయి.

"అక్కా, వినపడుతోందా?" చెవిలో చెల్లెలి గొంతు. చిన్నప్పుడు చీకట్లో పక్కలో పడుకుని కబుర్లు చెప్పిన గొంతే. "కోటు బాగుందక్కా. కాలర్ కొంచెం సర్దుకో. ఆఁ, అంతే. నీళ్ళు తాగావా? నేనున్నాగా. నేను చెప్పగానే మొదలుపెట్టు."

గోడ కాలర్ సర్దుకుంది. ఎదురుగా చిన్న కెమెరా, దాని వెనక మైదానం, మైదానం చుట్టూ నిండిపోతున్న జనం. వాళ్ళలో కొందరు తల పైకెత్తి ఈ గూటివైపు వేళ్ళు చూపిస్తున్నారు. ఊళ్ళో ఎక్కడో ఒక ఆస్పత్రి గదిలో, కాలికి కట్టుతో పడుకున్న ఒక మనిషి కూడా టీవీ చూస్తూ ఉండవచ్చు. చూడకపోవచ్చు కూడా.

"మొదలుపెట్టక్కా."

కెమెరా మీద ఎర్రదీపం వెలిగింది.

"సెమీఫైనల్ రోజు మీరందరూ ఒక మాట విన్నారు" అంది గోడ. తల దించలేదు. "ఆ మాట నాదే. స్నేహితురాలు నమ్మి చెప్పిన మాటని నేను ఇంకొకరి చెవిలో వేశాను. అది నా తప్పు. దానికి ఆమె నన్ను క్షమించకపోయినా నేనేమీ అనను."

"బాగా చెబుతున్నావక్కా" అంది చెవిలోని గొంతు. "ఇప్పుడు రెండోది."

రెండో వాక్యం కళ్ళెదుటే ఉంది. దగ్గు బటన్ నొక్కడం మరిచిపోయాను. గోడ ఆ కాగితాన్ని మళ్ళీ నాలుగు మడతలూ పెట్టి జేబులో వేసుకుంది. పక్కకి చెయ్యి చాపి, కంచుకంఠం చేతి మీద రెండుసార్లు తట్టింది.

ఎన్నేళ్ళ అలవాటో! ఆయన వేలు దానంతటదే బటన్ మీదికి వెళ్ళింది. ఈసారి నిజంగానే నొక్కాడు. నొక్కి, తలూపాడు. ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

గోడ మాత్రం తన బటన్ జోలికి పోలేదు.

"నా చెవిలో మా చెల్లెలు ఉంది" అంది కెమెరాతో. "తను మాట్లాడేది మీకెవరికీ వినపడదు. ఆ రోజు కూడా ఉంది. మీ అందరి ముందూ తనని ఒక్క సంగతి అడుగుతాను. కాదంటే ఈ మిగతా క్షమాపణ కూడా చెప్పేసి వెళ్ళిపోతాను." కెమెరా మీంచి చూపు తిప్పకుండా అడిగింది. "చెల్లీ, మోకాలి సంగతి అడగమని గురువుగారికి చెప్పింది నువ్వేనా?"

స్టేడియంలో పెద్ద తెర మీద ఆమె మొహమే కనపడుతోంది. ప్రకటనలు వెయ్యమని చెప్పాల్సింది, కెమెరా మార్చమని చెప్పాల్సింది ఆ వ్యానులో కూర్చున్న చెల్లెలే. ఎవరూ ఏదీ మార్చలేదు. కింద గోల చేస్తున్న జనం ఒక్కొక్క వరసే చల్లబడ్డారు. కాదంటుందని గోడ ఎదురుచూసింది. కాదని ఒక్క మాట అంటే చాలు, ఇంకేమీ అడగదు, జీవితంలో అడగదు.

చెవిలో ఊపిరి వినపడింది. తర్వాత చెల్లెలు మాట్లాడింది. మెల్లగా, ఏడవకుండా, ఇంట్లో మాట్లాడినట్టే మాట్లాడింది.

"నేనే అక్కా. నువ్వు గోడవి కదా, ఏం తగిలినా తట్టుకుంటావనుకున్నాను. కాదన్నానని చెప్పెయ్యవూ?"

ఈ మాటని కూడా ఒక్క చెవికే పంపింది, విన్నది లోకంలో గోడ ఒక్కతే. దేశమంతా ఆమె పెదవుల వైపే చూస్తోంది. మైకు తెరిచే ఉంది.